ఆకుపచ్చ గలీబు రిమోటు

ముందుగాలనే ఒక మాట చెప్తున్న, తర్వాత నన్ను అనొద్దు. ఆ ఆదివారం ఖమ్మంల నా పరువు పోయింది నిజమే. నలభై మంది ముంగట పోయింది, అది కూడ నిజమే. కానీ దాంట్ల నా తప్పు పావలా వంతే. మిగిలిన ముప్పావలా తప్పు ఒక తేనె సీసాది, ఒక ముసలామె మర్యాదది, టైముకు పోవాల్సిన కరెంటుది. ఇరవై ఏండ్లు దాటింది, ఇప్పటికీ తల్సుకుంటే నాకు మంట నెత్తికెక్కుతది. మొత్తం విని అప్పుడు తీర్పు చెప్పుండ్రి. మధ్యల నవ్వితే మాత్రం నేను ఒప్పుకోను.

నా పేరు ఉపేందర్. ఇప్పుడు ఖానాపురం హవేలిల సెల్‌ఫోన్లు బాగుచేసే దుకాణం పెట్టుకుని, పెండ్లాం పిల్లలతోని బుద్ధిమంతుని లెక్క బతుకుతున్న. అప్పుడు నాకు ఇరవై ఏండ్లు. డిగ్రీల రెండు సబ్జెక్టులు తన్నినయ్. మా నాయిన నన్ను పేరు పెట్టి పిలుచుడు మానేసి "ఏమయ్యా దొరా, లేచినవా?" అని పిలుస్తుండె. చుట్టాలొస్తే "మావోడు చదువుతున్నడు" అని చెప్పెటందుకు నోరు రాక, "ఉన్నడు" అని ఊకుంటుండె. ఉన్నడట! గోడకు క్యాలెండర్ ఉన్నట్టు నేను కూడ ఉన్ననన్నమాట.

అసొంటి నా పేరు ఇజ్జత్‌గ రాసి ఉన్న జాగ ఖమ్మం మొత్తం మీద ఒక్కటే. కమాన్ బజార్ వెనక సందుల యాకూబ్ భాయ్ వీడియో గేముల దుకాణం. ఆ దుకాణంల లోపలి గోడకు ఒక పలక. పలక మీద సుద్దముక్కతోని "ఉస్తాద్ - ఉపేందర్" అని రాసి ఉంటుండె. ఏడాది సంది ఆ పేరు చెరగలే. పలక కింద ఒక కుర్చీ, కుర్చీకి ఎదురుంగ కూలర్. మే నెలల ఖమ్మం ఎండ సంగతి మీకు కొత్తగ చెప్పాల్నా? సందుల కుక్క కూడ నీడ మీదికెళ్లి నీడ మీదికి దుంకుతుంటది. గా ఎండల కూలర్ ముంగటి కుర్చీ ఉస్తాద్‌కు తప్ప ఇంకెవ్వరికీ దక్కది. అది యాకూబ్ భాయ్ పెట్టిన కానూన్. ఇంట్ల "ఉన్నడు" అనిపించుకునేటోన్ని, గా కుర్చీల కూసుంటే మాత్రం నిజాం నవాబు లెక్క అనిపిస్తుండె. నాకు ప్రపంచంల ఉన్న ఆస్తి గదొక్కటే.

ఆ దుకాణం అంతకుముందు యాకూబ్ భాయ్ వాళ్ల అబ్బా నడిపిన టైలర్ షాపు. రెడీమేడ్ బట్టలొచ్చి గిరాకి పడిపోయింది. అబ్బా పోయినంక యాకూబ్ భాయ్ మూడు కుట్టుమిషన్లు అమ్మి గేము డబ్బాలతోని నాలుగు టీవీలు పెట్టిండు, దాంట్ల ఒకటి పెద్దది. నాలుగో మిషన్‌ను అమ్మనియ్యలే వాళ్ల అమ్మ. మేమంత ఆమెను నానీ అంటుంటిమి. నానీ మూలకు కూసుని పొద్దంత మిషన్ తొక్కుతుండె. ఆట ఆడే రిమోట్లకు చెమట పడితే బటన్లు పట్టేస్తున్నయని, పెద్ద టీవీ రిమోట్లు రెంటికీ గుడ్డ తొడుగులు, గలీబులు కుట్టింది. ఒకటో నంబర్ దానికి ఆకుపచ్చ గలీబు, రెండో దానికి ఎర్ర గలీబు. ఆకుపచ్చది కొత్త రిమోటు, బటన్లు ఎన్నపూసల వేలు పెట్టినట్టు దిగుతుండె. ఎర్రది పాతది, గట్టిగ ఒత్తితే తప్ప వినది. ఆకుపచ్చది ఎప్పుడూ ఉస్తాద్ చేతిలనే ఉంటది. అంటే నా చేతిల.

ఆట సంగతి ఒక్క ముక్కల చెప్త, తెల్వనోళ్లు కూడ ఉంటరు గద. తెర మీద ఇద్దరు కొట్టుకుంటరు. ఎవని నెత్తి మీద వానికి ఒక పసుపు గీత ఉంటది, అది బలం. దెబ్బ తగిలినకొద్ది తగ్గుతది, మొత్తం పోతే ఔట్. టైం అయిపోయేసరికి ఇద్దరూ నిలబడి ఉంటే ఎవని గీత పొడుగుంటే వాడు గెలిచినట్టు. ఇంకొకటి ఉన్నది. వాళ్లు కొట్టుకునేది ఒక గద్దె మీద. గద్దె మీదికెళ్లి కింద పడితే, గీత ఎంతున్నా సరే, ఔట్. మూడిట్ల రెండు ఆటలు గెలిచినోడు మొనగాడు. గద్దె ముచ్చట జర గుర్తుపెట్టుకోండ్రి. నేను పెట్టుకోలే, నా ఖర్మ.

గట్ల నా రాజ్యం సల్లగ నడుస్తుంటే సోమయ్య వచ్చిండు.

సోమయ్యది చర్ల అవతల, అడవిల ఒక కోయ ఊరు. ఖమ్మంల టీచర్ ట్రైనింగ్ చేస్తుండె. నాకన్న మూడు నాలుగేండ్లు పెద్ద. భుజానికి గుడ్డ సంచి, కాళ్లకు రబ్బరు చెప్పులు, మాట మెల్లగ. మొదటి ఆదివారం ఒక మూలకు నిలబడి చూసి పోయిండు. రెండో ఆదివారం ఆడిండు. ఎదురుంగ కూసున్నోళ్లను వరుసబెట్టి ఓడగొట్టిండు. అది కూడ ఎట్ల? తన్నడు. గుద్దడు. మెల్లగ దగ్గరికి పోయి పట్టుకుంటడు, ఎత్తి పడేస్తడు. మళ్ల పట్టుకుంటడు, మళ్ల పడేస్తడు.

బోనకల్‌కెళ్లి ప్రతి ఆదివారం రైలెక్కి వచ్చే శీనుగాడు, నా దోస్తు, ఉండబట్టలేక అడిగిండు. "అన్నా, నువ్వు తన్నవేంది?"

"భద్రాచలంల మేం ఆడే రిమోటుకు తన్నే బటన్ సచ్చిపోయి రెండేండ్లయింది తమ్మీ. గుద్దే బటన్ కూడ పోయింది. పట్టుకునే బటన్ ఒక్కటే బతికి ఉండె. దాంతోనే నేర్చుకున్న."

నేను కూలర్ ముంగట కూసుని పెద్దగ నవ్విన. "గదేం ఆట భాయ్? మిల్లుల వడ్ల బస్తాలు లారీకెక్కిస్తున్నట్టు ఉన్నది! ఆట అంటే తన్నుడు. ఎగిరి తన్నుడు."

సోమయ్య కూడ నవ్విండు. "నిజమే తమ్మీ. నాకు వచ్చింది గంతే" అన్నడు. కోపం కూడ రాలే ఆయనకు. అదే నాకు కోపం తెప్పించింది. మనం ఎగతాళి చేస్తే ఎదుటోడు ఉడుక్కోవాలె గద, అది ధర్మం.

మూడో ఆదివారం అయ్యేసరికి దుకాణంల ఓడిపోకుండ మిగిలింది నేనొక్కన్నే. యాకూబ్ భాయ్ అందరి ముంగట చెప్పేసిండు. "వచ్చే ఆదివారం పదకొండు గంటలకు ఉస్తాద్ పోటీ. ఉపేందర్, సోమయ్య. గెలిచినోనికి పలక, కుర్చీ."

శీను నా చెవుల "ఉప్పీ, నీ పలక తుడుచుకుపోయిందిరో" అన్నడు. దోస్తు అట వీడు. గిసొంటి దోస్తు ఒక్కడుంటే చాలు, దుష్మన్ల ఖర్చు మిగులుతది.

ఆ వారం నాకు నిద్ర పట్టలే, అన్నం దిగలే. పలక మీద పేరు పోతే ఇగ నేను ఎక్కడ ఉన్నట్టు? ఇంట్ల క్యాలెండర్ పక్కన. గంతే గద. అప్పుడు నాకు నెట్ సెంటర్ యాదికొచ్చింది. వైరా రోడ్డు మీద ఒక నెట్ సెంటర్ ఉంటుండె. అక్కడ కూసుని ఆ ఆట పేరు కొట్టి వెతికిన. గంటన్నర వెతికినంక దొరికింది. ఏంది దొరికింది? దొంగ తలుపు.

ఇల్లు కట్టే మేస్త్రి గోడ లేపెటప్పుడు కట్టెలు పెట్టెటందుకు బొక్కలు వదుల్తడు చూడుండ్రి. పని అయినంక వాటిని పూడ్వాలె. గట్లనే ఆ ఆట తయారుచేసినోళ్లు, ఆట సక్కగ నడుస్తుందా లేదా అని చూసుకునెటందుకు లోపల ఒక రహస్య అర్ర కట్టుకున్నరు. ఎవనికి దెబ్బ తగలకుండ చెయ్యాలె, ఎవన్ని ఎక్కడ నిలబెట్టాలె, అన్నీ ఆ అర్రల ఉంటయి. డీబగ్ మోడ్ అంటరు దాన్ని. పని అయినంక పూడ్వకుండ పోయిండ్రు వాళ్లు. ఆట పేరు తెర మీద పడ్డప్పుడు పన్నెండు బటన్లు ఒక వరుసల ఒత్తితే తలుపు తెర్సుకుంటది. చూడుండ్రి, తలుపు వేసుకోకుండ పోయింది వాళ్లు, లోపలికి పోయినందుకు దొంగ నేనా?

డిగ్రీ ఇంగ్లీషుల ఒక పద్యం ఏడాదంత చదివినా నాకు నోటికి రాలే. గా పన్నెండు బటన్లు మాత్రం ఆటోల ఇంటికి పోయేలోపే కంఠస్థం అయిపోయినయ్. పై, పై, కింద, ఎడమ... ఇప్పటికీ యాదికున్నయ్, నా బిడ్డ ఎక్కాలు అడిగితే మాత్రం తడబడ్త.

ఆదివారం పొద్దుగాల తొమ్మిది గంటలకే దుకాణానికి పోయిన. యాకూబ్ భాయ్ మంచుగడ్డ తెచ్చెటందుకు పోయిండు. నానీ ఒక్కతే మిషన్ దగ్గర ఉన్నది. నేను పెద్ద టీవీ పెట్టి, ఆకుపచ్చ రిమోటు అందుకుని బటన్లు ఒత్తుడు మొదలుపెట్టిన. తొందరల రెండుసార్లు తప్పినయ్.

"ఏం బేటా, ఆట లేదు పాట లేదు, ఉట్టిగనే గన్నిసార్లు ఒత్తుతున్నవేంది?" అని అడిగింది నానీ, కండ్లద్దాల మీదికెళ్లి చూసుకుంట.

"దుమ్ము పట్టింది నానీ. దుమ్ము దులుపుతున్న."

"షాబాష్! ఒక్కడన్నా ఉన్నడు దుకాణాన్ని సొంతం అనుకునేటోడు" అన్నది నానీ. పాపం, నిజం అనుకున్నది.

మూడోసారికి తెర నల్లగయ్యి తెల్ల ఇంగ్లీషు అక్షరాలు బారెడు దిగినయ్. అర్థమైంది ఒకటే వరుస: ఒకటో నంబర్ ఆటగానికి దెబ్బ తగలొద్దా, తగలాల్నా? తగలొద్దు అని పెట్టిన. రెండో నంబర్ దాన్ని ముట్టుకోలే. ఆకుపచ్చ రిమోటు ఉస్తాద్‌ది, ఉస్తాద్‌ను నేను, ఇగ నన్ను కొట్టి సంపేటోడు పుట్టలే అనుకున్న. బయటికొచ్చి ఆట పెడితే తెర మూలకు చిన్న తెల్ల అంకెలు మిగిలినయ్. ఎవరు చూస్తరులే అనుకున్న.

గేము డబ్బా, టీవీ బంద్ చేస్తే పెట్టిందంత పోతది గనుక బంద్ చెయ్యనియ్యలే. యాకూబ్ భాయ్ వచ్చి "ఎందుకురా గంటల తరబడి టీవీ వేడి చేస్తున్నవ్?" అంటే, "వేడెక్కితే బొమ్మ సక్కగ వస్తది భాయ్" అన్న. ఖమ్మంల, మే నెలల, వేడి చాలక టీవీకి వేడి పెడుతున్న మొదటి మనిషిని నేనే కావొచ్చు.

పదకొండింటికల్ల దుకాణం కిక్కిరిసిపోయింది. బల్లల మీద, మెట్ల మీద, కిటికీల మనుషులే. సోమయ్య వచ్చిండు. గుడ్డ సంచిలకెళ్లి ఒక సీసా తీసి నానీ చేతిల పెట్టిండు.

"మొన్న దగ్గుతుంటివి గద నానీ. నిన్న ఊరికి పోయొచ్చిన. అడవి తేనె. మా అమ్మ పంపింది."

నానీ సీసాను వెలుతురుకు పెట్టి చూసింది. కండ్లల్ల నీళ్లు తిరిగినయ్ ఆమెకు. నేను ఏడాది సంది వస్తున్న, ఒక్క దగ్గు బిళ్ల ఇచ్చిన పాపాన పోలే. అయినా తేనె తెచ్చుడు పోటీ రోజే తేవాల్నా? ముందురోజో తర్వాతరోజో తేవొద్దా? మీరే చెప్పుండ్రి.

నేను పోయి ఆకుపచ్చ రిమోటు అందుకోబోయిన.

"ఆగు బేటా" అన్నది నానీ. "అది ఆయనకియ్యి."

"ఏంది నానీ?"

"ఆకుపచ్చది సోమయ్యకియ్యి. నువ్వు ఎర్రది తీస్కో."

"నేను ఉస్తాద్‌ను నానీ! ఆకుపచ్చది ఉస్తాద్‌ది!"

"యాకూబ్ వాళ్ల అబ్బా ఏమంటుండె?" అని కొడుకు దిక్కు తిరిగింది.

యాకూబ్ భాయ్ పాఠం అప్పచెప్పినట్టు చెప్పిండు. "కొత్త గిరాకికి కొత్త సూది."

అది వాళ్ల టైలర్ షాపు రివాజు. కొత్తగ వచ్చినోని బట్టను పాత సూదితోని కుట్టరు. మిషన్‌కు కొత్త సూది ఎక్కించి, వాని ముంగటనే మొదటి కుట్టు వేస్తరు. బట్టల దుకాణం గేముల దుకాణం అయినా రివాజు పోలే. పలక కోసం మొదటిసారి కూసునేటోనికి కొత్త రిమోటు ఇయ్యాలె.

"గదేం కొత్త కానూన్ భాయ్? నేను ఒప్పుకోను!"

"కొత్తది కాదురా. నువ్వు మొదటిసారి పలక కొట్టినప్పుడు నీ చేతిల ఏం ఉండె? ఆకుపచ్చదే గద!"

ఉండె. నిజమే. మర్చిపోయిన. నా తర్వాత ఏడాది సంది పలక కోసం కూసున్నది తిప్పి తిప్పి అంతకుముందే పలక కోసం ఆడిన ముగ్గురు పాతోళ్లే. కొత్తోడు రానేలే, రివాజు బయటపడనేలే. నిచ్చెన ఎక్కినంక మెట్లు ఎవనికి యాదికుంటయి?

"నాకేదైనా సరే నానీ. ఎర్రది ఇస్తే ఎర్రదే" అన్నడు సోమయ్య.

"అవ్ అవ్! ఆయనే అంటున్నడు గద!" అన్న నేను, మునిగేటోడు గడ్డిపోచ పట్టుకున్నట్టు.

"చూసినవా, ఎంత మంచోడు! గందుకే ఆయనకు ఆకుపచ్చదే" అన్నది నానీ.

ఎవడు తీసిన గోతిల వాడే పడ్తడు అంటరు. నేను ఇంకో మెట్టు పైకి పోయిన. గొయ్యి తీసుకుని, ఎదుటోనికి ఒడ్డు మీద పరుపు వేసి కూసోబెట్టి, అప్పుడు పడ్డ. ఎర్ర గలీబు చేతిల పట్టుకుని కూసుంటే చెమటలు కారుతున్నయ్. ఒక్కటే ఆశ మిగిలింది. మా సందుల రోజూ పదకొండుంపావుకు టంచనుగ కరెంటు పోతది. పోతే టీవీ బంద్, దొంగ తలుపు బంద్, మళ్ల అంత సక్కగ అయితది. గోడ గడియారం దిక్కు చూసిన. పదకొండూ పది.

"షురూ!" అన్నడు యాకూబ్ భాయ్.

మొదటి ఆట. నేను ఎగిరి తన్నిన. సోమయ్య బొమ్మ కింద పడ్డది. జనం "హోయ్" అన్నరు. పసుపు గీత మాత్రం ఇసుమంత తగ్గలే. మళ్ల తన్నిన. గుద్దిన. తిరిగి తన్నిన. నా దగ్గర ఉన్న విద్యలన్నీ వాడిన. సోమయ్య బొమ్మ లేచి, దుమ్ము దులుపుకున్నట్టు నిలబడి, నన్ను పట్టుకుని ఎత్తేసింది. నా గీత సగానికొచ్చింది. ఇంకో రెండు ఎత్తుళ్లకు నేను పోయిన.

సోమయ్య రిమోటు కింద పెట్టిండు. "తమ్మీ, నువ్వు గన్నిసార్లు తన్నినవ్. నాకు దెబ్బ తగుల్తలేదేంది?"

చూసిండ్రా, ఆయనే అడిగిండు! గంత మంచితనం మనిషికి పనికిరాదు.

"తేనె బర్కత్ బేటా, దేవుని దయ" అన్నది నానీ మూలకెళ్లి.

"ఆ మూలకు తెల్ల అంకెలేందిరా?" అన్నడు శీను.

"టీవీ వేడెక్కింది" అన్న నేను.

"వేడెక్కితే బొమ్మ సక్కగ వస్తది అంటివి గదరా?" అన్నడు యాకూబ్ భాయ్.

"ఎక్కువ వేడెక్కితే అంకెలొస్తయి భాయ్!"

ఆయన్ను గద్దె మీదికెళ్లి కిందికి నూకితే అయిపోవు గద అని మీకు అనిపిస్తుండొచ్చు. మీరు సల్లగ కూసుని వింటున్నరు, మీకు అనిపిస్తది. నాకు నూకుడు రాదు. బస్తాలెత్తుడు అని నేనే ఎగతాళి చేసిన విద్య అది, నేర్చుకోలే.

గడియారం పదకొండుంపావు దాటింది. కరెంటు పోలే. రెండో ఆటల నేను పట్టు దొరకకుండ ఉరుక్కుంట, ఎర్ర రిమోటు బటన్లు విరిగేటట్టు ఒత్తుకుంట కొడుతనే ఉన్న. ఆయన గీత సంపూర్ణం. పదకొండు ఇరవై. ఎండాకాలమంత ఒక్కరోజు తప్పకుండ పోయిన కరెంటు, ముసలోళ్లు ఇసనకర్రలు పట్టుకుని శాపాలు పెట్టిన కరెంటు, ఆ రోజు మాత్రం పండుగ దీపం లెక్క నిలబడ్డది. టైం అయిపోయింది. నా గీత కొంచెం తగ్గి ఉన్నది, ఆయనది పొడుగు. సోమయ్య గెలిచినట్టు.

దొంగకు తేలు కుట్టినట్టు అంటరు. వాడన్నా నోరు మూసుకుంటడు. నేను మూసుకోలే. అదిగో, నా పావలా తప్పు అదే.

యాకూబ్ భాయ్ తడిగుడ్డ తీసుకుని పలక దిక్కు పోతున్నడు. నా పేరు. ఏడాది సంది చెరగని నా పేరు. నాకు కండ్లు కనబడలే. లేచి రిమోటు విసిరికొట్టి అరిచిన.

"చీటింగ్! ఇది చీటింగ్! ఆయన గీత తగ్గుతనే లేదు! ఆ రిమోటుల ఏదో చేసిండ్రు!"

"ఎవరు చేసిండ్రు?" అన్నడు యాకూబ్ భాయ్.

"ఎవరి చేతిల ఉన్నది? ఆయనే!"

సోమయ్య మెల్లగ లేచిండు. ఆయన మొఖంల నవ్వు పోయింది.

"నేను దొంగతనం చేసిననా తమ్మీ?"

నేను గడియారం దిక్కు చూసిన.

"అడవికెళ్లి వచ్చినోన్ని బస్సుల సంచి విప్పి చూస్తరు, హాస్టల్ల ఏదన్నా పోతే ముందుగాల నా పెట్టె చూస్తరు. అలవాటైంది. ఇక్కడ నన్ను ఎవరూ గట్ల చూడలే. గందుకే ప్రతి ఆదివారం వచ్చిన." గొంతు పెంచలే ఆయన. "చేసిననంటే ఎట్ల చేసిననో చూపించు. చూపించకుంటే మాట వెనక్కి తీస్కో."

ఈ ముచ్చట చెప్పేటప్పుడు ఇక్కడొక్క జాగల నాకు కోపం రాదు. సిగ్గయితది. అప్పుడు కూడ సిగ్గయింది, కానీ ఇరవై ఏండ్ల మొండితనం సిగ్గుకన్న బలమైంది. ఉత్త నోటితోని అన్నడు అనిపించుకోవొద్దు అనుకున్న. ఉరికిపోయి ఆకుపచ్చ రిమోటు అందుకున్న. డబ్బా బంద్ చెయ్యకుండనే ఆటను మొదటి తెరకు తెచ్చిన. తెర మీద పేరు పడ్డది. పై, పై, కింద, ఎడమ... పన్నెండు బటన్లు, ఈసారి ఒక్కటి కూడ తప్పలే. నల్ల తెర, తెల్ల అక్షరాలు బారెడు దిగినయ్.

"చూడుండ్రి! ఒకటో నంబర్‌కు దెబ్బ తగలొద్దని పెట్టి ఉన్నది! నేను చెప్తలేనా?"

నేను గెలిచినోని లెక్క చుట్టూ చూసిన. అందరూ తెర దిక్కు చూస్తలేరు. నా దిక్కు చూస్తున్నరు.

"ఉపేందర్" అన్నడు యాకూబ్ భాయ్. "గా తలుపు ఉన్నదని నీకెట్ల తెలుసురా?"

"అది... నెట్ల... ఎవరో అంటే..."

"పన్నెండు బటన్లు చూడకుండ ఒత్తినవ్. ఎవరో అంటే గట్ల వస్తదా?"

"జనరల్ నాలెడ్జ్ భాయ్!"

మిషన్ ఆగింది. నానీ కండ్లద్దాలు తీసింది.

"పొద్దుగాల దుమ్ము దులుపుతున్న అంటివి గద బేటా."

అయిపోయింది. నలభై మంది ఒక్కసారే నవ్విండ్రు. శీనుగాడు మెట్ల మీద పొర్లి పొర్లి నవ్విండు. యాకూబ్ భాయ్ తడిగుడ్డ పిండి "ఇంకేంది, ఆ దొంగ తలుపు మూసి..." అంటుంటే సోమయ్య ఆపిండు.

"మూయకుండ్రి భాయ్. ఉండనియ్యుండ్రి. ఆకుపచ్చది తమ్మికియ్యుండ్రి, నేను ఎర్రది పట్టుకుంట. మొదటికెళ్లి ఆడుదాం."

"పాగల్ అయినవా? వాని గీత తగ్గది గద!"

"తగ్గకపోతే తగ్గకపాయె."

నాలుకకు ఎముక లేదంటరు, నా ఆశకు సిగ్గు లేదు. కాదనాలె కదా మనిషన్నోడు? "వద్దన్నా, తప్పయింది" అనాలె కదా? ఒక దిక్కు చెవులు కాలిపోతున్నయ్, ఇంకో దిక్కు లోపలోడు అంటున్నడు: గీత తగ్గనోన్ని ఎట్ల ఓడగొడ్తడ్రా, పలక నీదే ఉప్పీ. నేను ఆకుపచ్చ రిమోటు తీస్కుని కూసున్న.

మొదటి ఆట. నేను గద్దె నడుమ నిలబడి నవాబు లెక్క ఎదురుచూసిన. కొట్టుకో, ఎంత కొట్టుకుంటవో కొట్టుకో. సోమయ్య కొట్టలే. దగ్గరికొచ్చి పట్టుకున్నడు, ఎత్తేసిండు. నేను లేచిన, గీత సంపూర్ణం. మళ్ల పట్టుకున్నడు, ఎత్తేసిండు. నేను నవ్విన. నవ్వుకుంటనే వెనక్కి చూసిన. గద్దె అంచు నా మడిమల కింద ఉన్నది. మూడో ఎత్తుకు నేను నిండు గీతతోని, దుక్క లెక్క బలంతోని, గద్దె కింద పడ్డ. ఔట్.

"అరె!" అన్నరు జనం.

రెండో ఆటల అంచుకు పోకుండ నడుమనే ఉంటానికి నేను పడ్డ పాట్లు చెప్తే మీరు నమ్మరు. తన్నిన, ఉరికిన, తప్పించుకున్న. ఎర్ర రిమోటు బటన్లు గట్టిగ ఉంటయి, వినవు అన్న గద? సచ్చిన బటన్ల నడుమ బతికిన ఒక్క బటన్‌తోని నేర్చుకున్నోనికి అదొక లెక్కనా! ఒక్కొక్క ఎత్తుకు ఒక్కొక్క అడుగు జరిపిండు నన్ను. ఎడ్లబండి మీద గడ్డిమోపు జరిపినట్టు జరిపిండు. మళ్ల అంచు. మళ్ల ఎత్తు. నా గీత నెత్తి మీద పసుపుగ, పొడుగ్గ, వెంట్రుకవాసి తగ్గకుండ మెరుస్తనే ఉన్నది. నేను మాత్రం గద్దె కింద ఉన్న.

సోమయ్య రిమోటు కింద పెట్టి నా భుజం మీద చెయ్యి వేసిండు.

"బలం తగ్గకుంటే ఏమైతది తమ్మీ? నిలబడే జాగ ఉండాలె గద."

"తప్పయిందన్నా" అన్న. ఎవరికీ ఇనపడకుండ అన్న. ఆయనకు మాత్రం ఇనపడ్డట్టుంది, భుజం మీద రెండుసార్లు తట్టిండు. యాకూబ్ భాయ్ పలక తుడిచి సోమయ్య పేరు రాసిండు. అక్షరం అక్షరం కుదురుగ రాసిండు, నా పేరు ఎన్నడూ గంత సక్కగ రాయలే. సోమయ్య పోయి కూలర్ ముంగట కుర్చీల కూసున్నడు.

అప్పుడు పోయింది కరెంటు.

ఆయన కూసున్న నిమిషానికి! కూలర్ గుర్రుమని ఆగింది, టీవీలు సల్లారినయ్. నేను దేవునికి మొక్కి మొక్కి అడిగినప్పుడు రాని కోత, అంత అయిపోయినంక తీరికగ వచ్చింది. నేను గోడకు తల కొట్టుకున్న. చీకట్లకెళ్లి నానీ గొంతు వచ్చింది.

"బేటా ఉపేందర్."

"ఆఁ నానీ."

"దుకాణంల ఎనిమిది రిమోట్లున్నయ్. ఇప్పుడు చీకటి, దుమ్ము కనబడది. కరెంటు వచ్చినంక దులుపు. ఇయ్యాల ఒక్కనాడు కాదు, వానలు పడేదాంక ప్రతి ఆదివారం దులుపు."

దులిపిన. ఎండాకాలమంత దులిపిన. సోమయ్య కూలర్ ముంగట కూసుని "తమ్మీ, ఆ మూలకు జర మిగిలింది" అని చూపిస్తుండె. పట్టుకుని ఎత్తుడు కూడ ఆయనే నేర్పిండు, అది వేరే సంగతి, దాని గురించి అడగకుండ్రి.

ఇగ తీర్పు మీది. పావలా తప్పు నాది అన్న, సరే, మీ మొఖాలు చూస్తుంటే అర్ధరూపాయి అనేటట్టున్నరు, ఒప్పుకుంటున్న. నా దుకాణంల ఉన్న ఫోన్ల సాక్షిగ, నానీ కుట్టిన ఆకుపచ్చ గలీబు సాక్షిగ ప్రమాణం చేస్తున్న: ఇగ జన్మల ఏ దొంగ తలుపూ తెరువను. ఎవరన్నా "బటన్లు గన్నిసార్లు ఒత్తుతున్నవేంది?" అని అడిగితే, నిజమే చెప్త. అడిగింది తేనె సీసా చేతిల ఉన్న ముసలామె అయితే, అడగకముందే చెప్త.